మాన్హో హస్తవాసి

తాక్ మాన్హో చేతికి ఎద్దు జబ్బ ఒకటి అప్పగిస్తే, మిషను కాఫీ చల్లారేలోగా ఎముక ఒకవైపు, మాంసం ఒకవైపు పడేవి. ఎముక మీద కాస్త కండ మిగిలిపోతే ఆ రోజు ఆయనకి అన్నం సహించేది కాదు. మజాంగ్ మాంసం బజారులో ఎముకలు తీసేవాళ్ళు వందమంది ఉన్నా, పెద్ద హోటళ్ళవాళ్ళు వచ్చి మాన్హో కోసిందే కావాలని పట్టుబట్టేవారు. ఇరవై ఆరేళ్ళు చేశాడు ఆ పని. చూపుడువేలు కత్తి వీపు మీద ఆనించి, కళ్ళతో పని లేకుండా, కీలు ఎక్కడుందో ఆ వేలితోనే వెతుక్కునేవాడు. కీలు దొరికిందంటే పెద్ద బలం అక్కర్లేదనేవాడు.

ఆ వేలికి బజారు బయట ఇంకో పేరుండేది. హస్తవాసి ఉన్న వేలు. బంగారు వేలు అని కూడా అనేవాళ్ళు, మొహం మీదే.

పదమూడేళ్ళ కిందటి మాట. బజారు వెనక సందులోని కంప్యూటర్ల గదిలో అందరూ ఒకే ఆట ఆడేవారు. కోటలు, కత్తులు, దళాలు, దళానికొక దొర. మాంసం బండి తోలే దో చిల్బోక్ ఆ ఆటలో తన కత్తికి మంత్రం చీటీ అంటించాలని కూర్చున్నాడు. చీటీ అంటుకుంటే కత్తి ఒక మెట్టు ఎక్కుతుంది, లేకపోతే ముక్కలైపోతుంది. మౌసు మీద చెయ్యి పెడుతున్నాడు, తీస్తున్నాడు. సరిగ్గా అప్పుడు మాన్హో, రక్తం మరకల ఏప్రన్‌తో, పచ్చి లివర్ పొట్లం ఇవ్వడానికి వచ్చాడు. చేతులు కూడా కడుక్కోలేదు.

"నువ్వు నొక్కరా మాన్హో. నా వల్ల కావట్లేదు," అన్నాడు చిల్బోక్.

మాన్హో నొక్కాడు. అంటుకుంది. మళ్ళీ నొక్కాడు, మళ్ళీ అంటుకుంది. మూడోది నొక్కేసరికి గది గదంతా లేచి నిలబడింది. తన కత్తి ముక్కలై ఏడుస్తున్న ఒకడైతే వచ్చి మాన్హో చెయ్యి పట్టుకుని రక్తంతో సహా ముద్దు పెట్టుకున్నాడు. అంతే, అంటుకుంది పేరు. ఆ చీటీల కన్నా గట్టిగా అంటుకుంది.

అప్పట్నుంచి జనం రావడం మొదలైంది. ఇన్‌చన్ నుంచి వచ్చేవారు, పూసాన్ నుంచి వచ్చేవారు. అప్పట్లో మౌసు, తర్వాత ఫోను. మాన్హో కొట్టులో బల్ల దగ్గర నిలబడి, చెయ్యి కడుక్కోకుండా, తాజా రక్తం అంటిన వేలు ఏప్రన్‌కి ఒక్కసారి రాసి నొక్కాలి. అదీ పద్ధతి. కడిగిన చేత్తో నొక్కితే దోషమని ఎవడో అన్నాడు, మిగతావాళ్ళు తలలూపారు. ఆటలో పెద్ద కత్తి అయితే ముందు పూజ కూడా చేయాలి. బల్ల మీద ఉడికించిన పంది తల పెట్టి, దాని నోట్లో వోన్ల నోట్లు కుక్కి, బియ్యం కల్లు పోసి దండం పెట్టాలి. నవ్వుమొహం ఉన్న పంది తల అయితే మరీ మంచిది. అలాంటి తలలు ఏరి పక్కన పెట్టడం మాన్హో భార్య బొంగ్నే వంతు. పేగులూ లివర్లూ అమ్ముకునే ఆవిడకి ఈ పూజలంటే ఒళ్ళుమంట.

"నీ వేలికేమన్నా కొమ్ములు మొలిచాయా? సచ్చిన పంది నవ్వితే మీకు కత్తులొస్తాయా?" అనేది.

మాన్హో నవ్వి ఊరుకునేవాడు. ఆయనకి నిజం తెలుసు. నొక్కిన వాటిలో ఎక్కువ విరిగేవి. విరిగినవాడు మొహం వేలాడేసుకుని పోయి ఎవరికీ చెప్పుకోడు, అంటుకున్నవాడు ఊరంతా టాం టాం చేస్తాడు. పదమూడేళ్ళు అదే జరిగింది. అందరికీ ఎంతో ఆయనకీ అంతే. కానీ ఎముకలు కోసేవాణ్ణి ఈ నగరంలో ఎవరు అన్నా అని పిలుస్తారు? ఈ వేలు పుణ్యమా అని కార్లలో వచ్చేవాళ్ళు వంగి దండం పెట్టేవారు. ఆయనకి అది బాగుండేది. బొంగ్నేకి తప్ప ఇంకెవరికీ నిజం చెప్పలేదు.

ఇక్కడ ఆ ఆట నడిపే కంపెనీ తెలివి గురించి చెప్పకపోతే, అదే బజారు మనిషిని, నాకు అన్నం అరగదు. ఆట ఉచితం. ఎవడైనా రావచ్చు, ఒక్క వోన్ కట్టక్కర్లేదు. కత్తి మాత్రం అమ్మరు, కత్తి వస్తుందేమోనన్న ఆశ అమ్ముతారు. చీటీకి ఇంత అని. వెయ్యిమంది ఊరికే ఆడతారు, పదిమంది డబ్బు పోస్తారు. ఆ వెయ్యిమంది ఎందుకంటే, ఆ పదిమందికి నరకడానికి మనుషులు కావాలి కదా. ఒకడి కత్తి ఒక మెట్టు ఎక్కగానే, ఆడేవాళ్ళందరి ఫోన్లలో బంగారు అక్షరాలతో వాడి పేరు వేస్తారు. అది చూసి వాడి శత్రువుకి కడుపు మండుతుంది, వాడూ చీటీలు కొంటాడు. ఇద్దరి మధ్య పగ చల్లారకుండా చూసుకుంటే చాలు, కంపెనీ హాయిగా ఉంటుంది. మధ్యలో ప్రభుత్వం కళ్ళు తెరిచి, ఏ చీటీ వందలో ఎన్నిసార్లు అంటుకుంటుందో రాసి పెట్టమంది. రాసి పెట్టారు. పెద్ద కత్తులకి వందకి మూడు. అందరూ చదివారు, అందరూ కొన్నారు. సిగ్గులేని జన్మలు, నేనూ కొన్నాను.

చిల్బోక్ ఉన్న దళానికి దొర ప్యోన్ గ్వాంగ్‌చోల్. ఊరి చివర పాత ఇనుము యార్డు ఆయనది. యాభై ఐదేళ్ళు, ఎద్దు మెడ, మాట్లాడితే ఉమ్ము పడుతుంది. తన కత్తి మీద అప్పటికి ముప్పై కోట్ల వోన్లు పోశాడు. ఆయన శత్రువు దేగూలో పళ్ళ డాక్టరు యోమ్. ఆ డాక్టరు ఆటలో ప్యోన్‌ని నరికి, శవం మీద నిలబడి, నలుగురూ చదివేలా రాసేవాడు: "ప్యోన్ గారూ, మీ పాత ఇనుము కిలో ఎంతండీ?" నాలుగు నెలల్లో రెండు వందలసార్లు నరికాడు. ప్యోన్ భోజనం మధ్యలో లేచి గిన్నె గోడకేసి కొట్టేవాడు.

పగ ఫోనులో ఆగలేదు. ఆ వసంతంలో హైవే పక్క హోటల్లో యోమ్ మనుషులు చిల్బోక్‌ని గుర్తుపట్టి, కారు జాకీ రాడ్డుతో మూతి మీద కొట్టారు. పై వరస పళ్ళు నాలుగు కింద పడ్డాయి. అవి ఏరి ఆయన చేతిలోనే పెట్టి, "మా డాక్టరు దగ్గరికి రా, తక్కువలో కట్టించుకో," అని నవ్వారట. వారం తిరక్కుండా ప్యోన్ మనుషులు దేగూ వెళ్ళి, ఆ నవ్వినవాడి మోకాలి చిప్ప పగలగొట్టి వచ్చారు.

మాన్హోకి ఇవన్నీ తెలుసు. చిల్బోక్‌కి పళ్ళు లేక మాట జారిపోతుంటే గంజి తాగించింది ఆయనే. చిల్బోక్ బొటనవేలు ఒకసారి ఎముకల రంపంలో పడి తెగినప్పుడు, దాన్ని గుడ్డలో చుట్టి, సంచీలో వేసి, ఐసులో పెట్టి ఆస్పత్రికి పరిగెత్తిందీ ఆయనే. ఆరు గంటల్లోగా, చల్లగా తెస్తే కుట్టేస్తామన్నారు, కుట్టేశారు. ఇప్పుడు ఆ వేలితోనే చిల్బోక్ స్టీరింగు తిప్పుతాడు. మా బజారులో అలా కుట్టిన వేళ్ళు ఏడెనిమిది ఉన్నాయి.

నవంబరులో ఒక ఆదివారం సాయంత్రం ఐదింటికి ప్యోన్ వచ్చాడు. ఎనిమిదింటికి ఆటలో కోట ముట్టడి. ఆ లోపల కత్తి ఇంకో మెట్టు ఎక్కాలి. వెంట యార్డు మనుషులు ఇద్దరు, ఒక్కొక్కడూ బీరువా అంత. ఆదివారం కనక బజారు సగం మూసి ఉంది. వాళ్ళే షట్టరు సగానికి దించారు. పంది తల బల్ల మీద నవ్వుతోంది, నోటినిండా నోట్లు.

"తమ్ముడూ, ఇవాళ నొక్కుతున్నది చీటీ కాదు, నా పరువు," అన్నాడు ప్యోన్ కల్లు పోస్తూ. "ఇది విరిగితే ఆ పళ్ళు పీకేవాడి ముందు నేను బతికి వేస్టు. విరిగిందంటే నీ చెయ్యి కూడా దాంతోనే పోతుంది. నవ్వులాటకి అంటున్నా అనుకోకు."

బొంగ్నే పేగులు కడుగుతున్న తొట్టి దగ్గర్నుంచి లేచింది. "అన్నయ్యగారూ, గోడ మీద రాసినట్టు రాశారు కదా, వందకి మూడని. ఈయన చెయ్యి ఎముకలు కోయడానికి. కావాలంటే ఓ కిలో పక్కటెముకలు తీసుకెళ్ళండి."

"నువ్వు నోరు మూసుకో చెల్లెమ్మా. మగాళ్ళ పని ఇది."

మాన్హో ఆ ఇద్దరు మనుషుల చేతులకేసి చూశాడు. చిల్బోక్ పళ్ళు గుర్తొచ్చాయి. ఇక దాచి లాభం లేదనిపించింది.

"అన్నా, ఒక్క మాట. నా చేతిలో ఏం లేదు."

"ఏం లేదు?"

"హస్తవాసీ లేదు, పాడూ లేదు. విరిగినోళ్ళు చెప్పుకోరు, అంటుకున్నోళ్ళు చెప్పుకుంటారు. అందుకే పేరొచ్చింది. అందరికీ వందకి మూడైతే నాకూ మూడే. ముందే చెప్పాల్సింది. తప్పు నాదే. నీ చేత్తో నువ్వు నొక్కుకో."

ప్యోన్ కల్లు గిన్నె బల్ల మీద పెట్టాడు.

"యోమ్ ఎంతిచ్చాడు?" అన్నాడు మెల్లగా.

"ఎవరు?"

"పదమూడేళ్ళు నొక్కావు. సరిగ్గా ఇవాళ, ముట్టడి మూడు గంటలుందనగా, చేతిలో ఏం లేదంటున్నావు. ఆ పళ్ళోడు నిన్ను కొన్నాడు. ఎంతకి?"

నిజం ఎప్పుడో చెప్పాల్సినవాడు ఇప్పుడు చెబితే ఇలాగే ఉంటుంది. మాన్హో ఎంత మొత్తుకుంటే ప్యోన్‌కి అనుమానం అంత గట్టిపడింది. ఒకడు బొంగ్నే జుట్టు పట్టి చల్లగది తలుపుకేసి మొహం అదిమాడు. ఆవిడ వెనక్కి కాలెత్తి వాడి గజ్జల్లో తన్నింది, వాడు ఆవిడ తలని మళ్ళీ తలుపుకి కొట్టాడు. నుదురు చిట్లింది.

"వదలండి. నొక్కుతా," అన్నాడు మాన్హో.

వేలు ఏప్రన్‌కి రాశాడు. నొక్కాడు. ఫోనులో కత్తి చుట్టూ నీలిమంట తిరిగింది, గంటలు మోగాయి. తర్వాత గాజుగ్లాసు పగిలిన చప్పుడు. కత్తి ఉన్న చోట ఏమీ లేదు.

ప్యోన్ చేతికి అందింది పంది తల. దాన్ని రెండు చేతులా ఎత్తి మాన్హో మొహం మీద కొట్టాడు. నోట్లు ఎగిరి కొట్టంతా పడ్డాయి. మాన్హో కింద పడితే డొక్కలో తన్నాడు, లేస్తే మళ్ళీ కొట్టాడు, పంది దవడ ఊడిపోయేదాకా కొట్టాడు. మాన్హో ముక్కు విరిగింది. రెండోవాడు ఆయన్ని లేవదీసి, కుడిచెయ్యి బల్ల మీద పరిచి, మోచేతి మీద మోకాలు పెట్టి నొక్కాడు. ప్యోన్ మూలనున్న సమ్మెట తీశాడు. తొడఎముకలు పగలగొట్టి మూలుగ తీసే సమ్మెట అది. మాన్హో దాన్ని రోజూ వాడేవాడు. అది ఎముకని ఏం చేస్తుందో ఆయనకి తెలిసినట్టు ఇంకెవరికీ తెలీదు.

సమ్మెట పైకి లేచింది. అప్పుడు ఫోను మోగింది.

కంపెనీ దగ్గర్నుంచి. కత్తి విరిగి రెండు నిమిషాలు కాలేదు. మీ నష్టానికి చింతిస్తున్నాం, విరిగిన ఆయుధాన్ని తిరిగి తెచ్చుకునే ప్రత్యేక చీటీ, ఈ రాత్రి ఎనిమిది వరకే, మీకు మాత్రమే, ముప్పై లక్షల వోన్లు. కింద చిన్న అక్షరాల్లో, వందకి ఐదు.

ప్యోన్ సమ్మెట దించాడు. చదివాడు, మళ్ళీ చదివాడు. కోపమంతా ఎటు పోయిందో, మొహం వెలిగింది.

"కొన్నాను," అన్నాడు. "తమ్ముడూ, లే. ఇది నొక్కు. కత్తి తిరిగొస్తే అన్నీ మర్చిపోదాం. రాకపోతే ఈసారి వేళ్ళు కాదు, మణికట్టు దాకా."

మాన్హో రక్తం ఉమ్మి ఆలోచించాడు. వందకి ఐదు. అంటే తొంభై ఐదు పాళ్ళు సమ్మెటే. సమ్మెటతో నలిగిన చెయ్యి ఏ డాక్టరూ కుట్టలేడు, పిండైపోతుంది. కీలు దగ్గర శుభ్రంగా తెగితే కుట్టగలడు. చిల్బోక్ వేలు కళ్ళముందుంది. ఈ వేలు తెగిపోవడం వీళ్ళు కళ్ళారా చూస్తే, ఇక నొక్కడానికేం ఉండదు, భయపడి పోతారు. చల్లగదిలో ఐసు ఉంది. ఆస్పత్రి అరగంట దూరం. ఎముకలు కోసేవాడి లెక్క అది. ఎద్దు జబ్బ ముందు నిలబడ్డప్పుడు వేసే లెక్క లాంటిదే.

"సరే," అన్నాడు. "రక్తం ఆరిపోయింది. తాజాది పూసుకోవాలి. చెయ్యి వదలండి."

పద్ధతి పద్ధతే కదా. వదిలారు. మాన్హో బల్ల చివరికి వెళ్ళాడు. ఎడమచేత్తో నరికే కత్తి తీశాడు. కుడి చూపుడువేలు చాపి, మిగతావి ముడిచి, మధ్య కీలు ఎక్కడుందో బొటనవేలితో తడిమి చూసుకున్నాడు. కత్తి దింపాడు.

చిన్న చప్పుడు. కోడి మెడ తెగినట్టు. బొంగ్నేని పట్టుకున్నవాడు ఆవిణ్ణి వదిలేసి తొట్టిలో వాంతి చేసుకున్నాడు.

"ఇదిగో," అన్నాడు మాన్హో. మొహం సున్నంలా ఉంది. "హస్తవాసి అయిపోయింది. ఇక నా దగ్గరికి రావద్దు."

గోడకి జారబడ్డాడు. బొంగ్నే పరిగెత్తుకొచ్చి తువ్వాలుతో చెయ్యి బిగించింది. ఆయన్నీ, ఆయన చేసిన పనినీ, ప్యోన్‌నీ, ప్యోన్‌ని కన్నవాళ్ళనీ ఒకే ఊపిరిలో తిట్టింది. అడుగుల చప్పుడు, షట్టరు చప్పుడు, కారు చప్పుడు. పోయారు. లెక్క తప్పలేదనుకున్నాడు మాన్హో.

"ఐసు తీసుకురా. సంచీలో వేసి, సంచీని ఐసులో పెట్టు. వేలు నేరుగా ఐసుకి తగలకూడదు."

ఆవిడ చల్లగదిలోంచి ఐసు తెచ్చింది. బల్ల మీద చూసింది. బల్ల కింద చూసింది. రక్తపు నోట్లు అటూ ఇటూ తోసింది, పంది తల తిరగేసింది, దాని నోట్లో కూడా వెతికింది.

"ఏమయ్యా," అంది. "వేలు లేదు."

ఇది ఒక్కటే మాన్హో లెక్కలోకి రాలేదు. పదమూడేళ్ళు వాళ్ళ పిచ్చి చూసి, పెంచి, దాని మీద బతికి కూడా, అది ఎంతదూరం పోగలదో ఆయనకి తట్టలేదు. నొక్కేది వేలు. మనిషి వాళ్ళకి ఎప్పుడూ అక్కర్లేదు.

బొంగ్నే ఫోను చేస్తే చిల్బోక్ మాంసం బండి వేసుకుని వచ్చాడు. వస్తూనే తన ఫోను చూపించాడు. బంగారు అక్షరాలు. దొర ప్యోన్ విరిగిన కత్తిని తిరిగి సాధించాడు. ఐదు గంటల యాభై రెండు నిమిషాలు.

"కార్లోనే నొక్కేసినట్టున్నాడు," అన్నాడు చిల్బోక్ పళ్ళు లేని నోటితో. "నీ వేలుతోనే. దళమంతా ఇదే మాట."

"అంటుకుంది," అన్నాడు మాన్హో. నవ్వొచ్చింది ఆయనకి, నవ్వుతుంటే విరిగిన ముక్కులోంచి రక్తం కారింది.

ఆస్పత్రికి ముందు యార్డుకి. ఆదివారం సాయంత్రం, వంతెన మీద కార్లు కదలవు. యార్డు చేరేసరికి ఏడు దాటింది. ముట్టడి రోజుల్లో శత్రువుల మనిషి దూరతాడని ప్యోన్ గేటుకి తాళం వేయిస్తాడు. లోపల కుక్కలు. బొంగ్నే దిగి గేటు బాదింది. "తొమ్మిది దాకా ఎవర్నీ రానివ్వొద్దన్నారు" అని లోపల్నుంచి ఒకడు అరిచాడు.

"చిల్బోక్, బండి వెనక్కి తియ్యి," అంది బొంగ్నే.

"వదినా, ఇది మా ఓనరు బండి."

"తియ్యి."

తీశాడు. మూడోసారికి గేటు ఒక పక్క ఊడి పడింది. కుక్క ఒకటి చక్రం కింద పోయింది. ముగ్గురూ ఆఫీసు రేకుల షెడ్డులోకి దూరారు. లోపల పన్నెండుమంది, ఒక్కొక్కడి ముందు ఒక ఫోను, ఒక తెర, చల్లారిన నూడిల్స్. మధ్యలో ప్యోన్. ఒడిలో, చలికాలం జేబులో వేసుకునే వేడి పొట్లం. పొట్లం మీద మాన్హో వేలు.

"వచ్చావా తమ్ముడూ," అన్నాడు ప్యోన్, చిన్నపిల్లాడికి బొమ్మ దొరికినంత సంతోషంతో. "మొదటి నొక్కుకే వచ్చేసింది చూడు. నువ్వు ఒట్టి అబద్ధాలకోరువి. చేతిలో ఏం లేదంటావా. చల్లబడితే ఫోను పట్టదని వెచ్చగా పెట్టా. కవచానికి కూడా నొక్కుతున్నా."

"వేలు ఇవ్వన్నా. కుట్టించుకుంటా. టైముంది."

"ముట్టడి అయ్యాక. ఒక్క గంట. నేనే కార్లో పంపిస్తా."

"ఆ చేత్తో కూడు తినేది మేం," అంది బొంగ్నే. కొట్లోంచి తెచ్చిన నరికే కత్తి ఏప్రన్ కింద దాచలేదు, చేతిలోనే ఉంది. ఎత్తి ఫోను మీద వేసింది. ఫోనూ బల్లా రెండూ చీలాయి.

ప్యోన్ అరిచినంతగా మాన్హో తన వేలు తెగినప్పుడు కూడా అరవలేదు. ప్యోన్ లేచి బొంగ్నే గొంతు పట్టుకున్నాడు. చిల్బోక్ గేటు దగ్గర ఏరుకొచ్చిన కడ్డీతో ఆయన మెడ మీద కొట్టాడు, ఇంకొకడు కుర్చీ ఎత్తి చిల్బోక్ వీపు మీద విరగ్గొట్టాడు. తెరలు పడ్డాయి, నూడిల్స్ పడ్డాయి. సగంమంది కొట్లాటకి లేవనేలేదు. ముట్టడికి ఇంకా ముప్పావుగంట ఉంది, వాళ్ళ కళ్ళు ఫోన్ల మీదే ఉన్నాయి. మాన్హో ఎడమచేత్తో ప్యోన్ జుట్టు పట్టి బల్లకేసి మొహం కొట్టాడు. ఒకసారి కాదు. ప్యోన్ కుడిచెయ్యి బల్ల మీద చాచుకుని పడింది. మాన్హో చేతికి బొంగ్నే కత్తి దొరికింది. బొటనవేలి కీలు ఎక్కడుందో చూడకుండానే తెలిసింది ఆయనకి. ఇరవై ఆరేళ్ళలో ఇంత సులువైన కీలు చూడలేదు.

"వదిలెయ్," అంది బొంగ్నే. మెడ మీద ఐదు వేళ్ళ గుర్తులు, చేతిలో మాన్హో వేలు. "టైము లేదు. వదిలెయ్యయ్యా."

వదిలేశాడు. ఇప్పటికీ ఒక్కోరోజు ఎందుకు వదిలేశానా అనుకుంటాడు.

ఎనిమిదింబావుకి ఆస్పత్రి చేరారు. ఆరు గంటల గడువులో ఇంకా మూడున్నర గంటలు మిగిలే ఉంది. డాక్టరు ఐసు సంచీ తెరిచి, వేలు అటూ ఇటూ తిప్పి, చివర నొక్కి చూశాడు.

"దీన్ని వేడిలో పెట్టారా ఎవరైనా?"

"పెట్టారండీ."

"ఎంతసేపు?"

"గంటన్నర పైనే."

"ఉడికిపోయిందండీ లోపల. కుట్టినా నల్లబడి ఊడుతుంది." ఆ డాక్టరు చాలా వేళ్ళు చూసినవాడు, అయినా అడగకుండా ఉండలేకపోయాడు. "వేలు తెగితే వెచ్చగా పెట్టాలని ఎవరు చెప్పారు మీకు?"

మాన్హో చెప్పలేదు. రంపం జారిందని రాయించాడు. తన చెయ్యి తనే నరుక్కున్నవాడు పోలీసులకి ఏమని చెప్పుకుంటాడు.

ఆ రాత్రి ముట్టడిలో ప్యోన్ ఓడిపోయాడు. దొర ఫోను రెండు ముక్కలు, దొర మొహం వాచి కళ్ళు మూసుకుపోయి. యోమ్ కోట గెలిచి, గేటు మీద నిలబడి పాత ఇనుము ధర అడిగాడు. మర్నాడు ప్యోన్ కొత్త ఫోను కొని ఇంకో కోటి వోన్ల చీటీలు కొన్నాడు. అవి చూసి యోమ్ రెండు కోట్లవి కొన్నాడు. యార్డులో ఆ గంటన్నరలో ప్యోన్ నా మిత్రుడి వేలుతో ముప్పైసార్ల పైన నొక్కాడనీ, ఒక్కటీ అంటుకోలేదనీ చిల్బోక్ తర్వాత విన్నాడు. ఆ మాట ఎవరికీ అక్కర్లేకపోయింది. మొదటి నొక్కు మాత్రం దేశమంతా తిరిగింది.

మాన్హో ఇప్పుడూ మా బజారులోనే ఉన్నాడు. నాలుగు వేళ్ళతో కత్తి పట్టడం నేర్చుకున్నాడు. కీలు వెతికే వేలు లేదు కనక ఇప్పుడు కళ్ళతో వెతుక్కోవాలి. జబ్బ ఒకటి తీసేసరికి కాఫీ చల్లారడం కాదు, మీద మీగడ కడుతుంది. ఎముకల మీద కండ మిగులుతుంది. పెద్ద హోటళ్ళవాళ్ళు మొదట రెండు నెలలు మొహమాటానికి వచ్చారు, తర్వాత మానేశారు. బొంగ్నే పేగుల మీదే ఇల్లు నడుస్తోంది.

మొన్న మార్చిలో ఒకాయన వచ్చాడు. మంచి కోటు, చేతిలో పేర్చిన బేరిపళ్ళ పెట్టె. రెండు చేతులా అందించి నడుం దాకా వంగి దండం పెట్టాడు. కొంచెం కుంటుతున్నాడు. యోమ్ డాక్టరు గారు పంపారన్నాడు.

"అన్నగారూ, ప్యోన్ మీకు చేసింది అన్యాయం. మా దొరగారు అలాంటివారు కాదు. డాక్టరు కదా, పద్ధతిగా చేస్తారు. మత్తిచ్చి, నొప్పి లేకుండా. మీకింకా తొమ్మిదున్నాయి. ఎడమచేతి చిటికెనవేలు ఒక్కటి చాలన్నారు. దాంతో మీకు పనేముంది? రేటు మీరే చెప్పండి."

తొట్టి దగ్గర బొంగ్నే చేతులు ఆగిపోయాయి. చెయ్యి తుడుచుకుని నరికే కత్తి అందుకుంది. ఆయన బేరిపళ్ళు అక్కడే వదిలేసి, కుంటికాలితో ఎంత వేగంగా పోవచ్చో అంత వేగంగా పోయాడు. ఆవిడ సందు చివరిదాకా తరిమి వచ్చింది. వచ్చేసరికి మాన్హో జబ్బ ముందు అలాగే నిలబడి ఉన్నాడు, ఎడమ చిటికెనవేలు చూసుకుంటూ.

"ఏంటయ్యా, భయపడ్డావా?" అంది.

అవునన్నట్టు తలూపాడు. సమ్మెట లేచినప్పుడు కూడా అంత భయపడలేదు ఆయన. ఆ మనిషి రేటు చెప్పమన్నప్పుడు, ఎంతిస్తారు అన్న మాట మాన్హో నాలుక చివరిదాకా వచ్చేసింది.